ఒక్క సీజన్ వెనుక పదమూడేళ్లు

2024 సీజన్‌కు ముందు అమెరికన్ కళాశాల ఫుట్‌బాల్‌లో ఒక లీగ్ లాంటి బిగ్ టెన్ కాన్ఫరెన్స్‌లోని (పేరులో ‘టెన్’ ఉన్నా) పద్దెనిమిది జట్లు ఏ క్రమంలో నిలుస్తాయో క్రీడా విలేకరులు అంచనా వేశారు. ఇండియానా యూనివర్సిటీకి దక్కింది పదిహేడో స్థానం. వారిని తప్పుపట్టలేం. అమెరికన్ ఫుట్‌బాల్ అగ్రశ్రేణిలో అప్పటికి అత్యధిక ఓటములు మూటగట్టుకున్న కళాశాల జట్టు అదే. ఓటముల లెక్క ఏడు వందలు దాటింది. అలాంటి జట్టు కొత్త హెడ్ కోచ్ కర్ట్ సిగ్నెట్టి చేతికి వచ్చిన మొదటి ఏడాదే వరసగా పది ఆటలు గెలిచి, జాతీయ టైటిల్ తేల్చే ప్లేఆఫ్ దాకా వెళ్లింది. అద్భుతం అన్నారు అందరూ. అంత తేలిగ్గా అద్భుతం అనేస్తే అసలు కథ చేజారిపోతుంది.

ఇండియానా యూనివర్సిటీ ఉన్న బ్లూమింగ్టన్ పట్టణం మొదటి నుంచీ బాస్కెట్‌బాల్‌దే. ఆ ఆటలో విశ్వవిద్యాలయానికి ఐదు జాతీయ టైటిళ్లున్నాయి. ఫుట్‌బాల్ అక్కడ చలికాలం వచ్చేదాకా కాలక్షేపం. 1945లో ఓటమి లేకుండా బిగ్ టెన్ గెలిచారు, 1967 సీజన్ చివర ప్రతిష్ఠాత్మక రోజ్ బౌల్ ఆట ఆడారు. ఆ తర్వాత చెప్పుకోవడానికి మిగిలినవి ఎక్కువగా సరదా కథలే. 1976లో ఓహియో స్టేట్‌పై 7-6 ఆధిక్యం దొరకగానే కోచ్ లీ కోర్సో టైమ్ అవుట్ అడిగి, స్కోరుబోర్డు కనిపించేలా జట్టుతో ఫొటో తీయించారు. ఆ ఆట చివరికి 47-7తో ఓడిపోయారు. 1984లో వచ్చిన బిల్ మాలరీ మొదటి సీజన్‌లో పదకొండు ఆటలూ ఓడి, మూడేళ్లకు ఒకే సీజన్‌లో ఓహియో స్టేట్‌నూ మిషిగన్‌నూ ఓడించారు. ఆయనకు దొరికిన ఆ మూడేళ్ల గడువు ఇవాళ చాలామంది కోచ్‌లకు దొరకడం లేదు. అలాంటి మాలరీని కూడా 1996లో పంపించేశారు. సిగ్నెట్టికి ముందున్న టామ్ అలెన్ 2020లో ఎనిమిదింట ఆరు గెలిచి ఆశ రేపారు. తర్వాతి మూడేళ్లలో కలిపి గెలిచినవి తొమ్మిదే. 2023 నవంబరులో ఆయన్ను తొలగించినందుకు విశ్వవిద్యాలయం దాదాపు కోటి 55 లక్షల డాలర్లు చెల్లించుకుంది.

పాత నిబంధనలే ఉండి ఉంటే సిగ్నెట్టికైనా ఐదేళ్లు పట్టేదేమో. ఒకప్పుడు ఆటగాడు కళాశాల మారితే సాధారణంగా ఏడాదిపాటు ఆడకుండా కూర్చోవాలి. 2018లో ట్రాన్స్‌ఫర్ పోర్టల్ వచ్చింది, అంటే జట్టు మారాలనుకునే ఆటగాళ్లు పేరు నమోదు చేసుకునే జాబితా. 2021లో ఒకసారి మారితే వెంటనే ఆడే వీలు కల్పించారు. అదే ఏడాది జులై నుంచి ఆటగాళ్లు తమ పేరు, బొమ్మ వాడుకోనిచ్చి డబ్బు సంపాదించుకోవడానికి అనుమతి దొరికింది. 2024 వసంతానికి చదువులో అర్హత ఉంటే ఎన్నిసార్లు మారినా అడ్డులేకుండా పోయింది. పైగా హెడ్ కోచ్ వెళ్లిపోతే ఆ జట్టు ఆటగాళ్లకు ప్రత్యేకంగా ముప్పై రోజుల గడువు తెరుచుకునేది. కోచ్ వెంట ఆటగాళ్లూ కదిలే దారి అలా పడింది. అంతకుముందు ఆయన హెడ్ కోచ్‌గా ఉన్న జేమ్స్ మాడిసన్ యూనివర్సిటీ నుంచి పదమూడు మంది సిగ్నెట్టి వెంటే వచ్చారు. దాడికీ రక్షణకూ పాత సహాయకులనే తెచ్చుకున్నారు. దాడిని నడిపించే ఆటగాడు, అంటే క్వార్టర్‌బ్యాక్, కర్టిస్ రోర్క్ ఓహియో యూనివర్సిటీ నుంచి వచ్చారు. మోకాలి లిగమెంటు తెగి ఉండగానే ఆయన ఆ సీజన్ ఆడారు.

అయితే ఈ తలుపులు అందరికీ తెరిచే ఉన్నాయి. పోర్టల్ నుంచి డజన్లకొద్దీ ఆటగాళ్లను తెచ్చుకుని మునిగిన జట్లు చాలానే ఉన్నాయి. తేడా ఏమిటో తెలియాలంటే 2011కు వెళ్లాలి. అలబామా యూనివర్సిటీలో పేరుమోసిన హెడ్ కోచ్ నిక్ సేబన్ దగ్గర నాలుగేళ్లు పనిచేసి, 2009 జాతీయ టైటిల్‌లో భాగమైన సిగ్నెట్టి, దాదాపు యాభై ఏళ్ల వయసులో ఆ పెద్ద కొలువు వదిలి రెండో డివిజన్ జట్టుకు హెడ్ కోచ్‌గా వెళ్లారు. అది పెన్సిల్వేనియాలో తన తండ్రి ఫ్రాంక్ ఒకప్పుడు నడిపిన జట్టే. తర్వాత ఇలాన్ యూనివర్సిటీ, ఆపైన జేమ్స్ మాడిసన్. ఎక్కడా ఓటములు గెలుపులను మించిన సీజన్ లేదు. పెద్ద పేరున్న కుర్రాళ్లు ఎన్నడూ దొరకని చోట్ల నెగ్గుకొచ్చిన మనిషి కాబట్టి, ఎత్తు, బరువు, భవిష్యత్తుపై ఊహలకన్నా మైదానంలో ఇప్పటికే ఏం చేశాడన్నదే చూసి ఎంచుకోవడం ఆయనకు అలవాటైంది. అనుభవజ్ఞులు పోర్టల్‌లో దొరికే కాలానికి సరిగ్గా సరిపోయిన అలవాటు అది.

నెబ్రాస్కాపై 56-7, చిరకాల ప్రత్యర్థి పర్డ్యూపై 66-0. ప్రత్యర్థులు బలహీనులన్న విమర్శ మాత్రం చివరిదాకా వెంటాడింది. ఓహియో స్టేట్ చేతిలో 38-15తో, ప్లేఆఫ్ తొలి రౌండులో నోటర్ డామ్ చేతిలో 27-17తో ఓడాక ఆ గొంతులు ఇంకా పెరిగాయి. నోటర్ డామ్ ఆటలో స్కోరు కనిపించినంత దగ్గరి పోటీ లేదన్నదీ నిజమే. కానీ ఇండియానాను ఓడించిన ఆ రెండు జట్లే 2025 జనవరి ఫైనల్లో తలపడ్డాయన్న సంగతి విమర్శకులు ఎందుకో తక్కువగా చెప్పారు. అసలు ప్లేఆఫ్‌ను నాలుగు జట్ల నుంచి పన్నెండుకు పెంచింది కూడా ఆ ఏడాదే. పాత పద్ధతిలో ఇండియానా టీవీ ముందు కూర్చునేది.

ఈ పదకొండు విజయాల సీజన్‌ను మిగతా విశ్వవిద్యాలయాలు తమ కోచ్‌లకు కొలబద్దగా పెట్టుకున్నట్టే కనిపిస్తుంది. 2025 అక్టోబరులో పెన్ స్టేట్, ఫ్లోరిడా, ఎల్ఎస్‌యూ (లూసియానా స్టేట్ యూనివర్సిటీ) మూడూ సీజన్ మధ్యలోనే కోచ్‌లను తొలగించాయి. పెన్ స్టేట్ నిర్ణయం వెలువడిన కొద్ది రోజులకే, సిగ్నెట్టి చేజారకుండా ఇండియానా ఆయనతో ఎనిమిదేళ్లకు దాదాపు 9.3 కోట్ల డాలర్ల కొత్త ఒప్పందం రాసుకుంది. 2026 జనవరి 19న ఫైనల్లో మయామీ యూనివర్సిటీని 27-21తో ఓడించి ఆ జట్టు తొలి జాతీయ టైటిల్ గెలుచుకుంది.