వేడంతా సముద్రంలోకే: ఈ లెక్క తేలడానికి రెండున్నర శతాబ్దాలు పట్టింది

భూమి వేడెక్కుతోంది అనగానే అందరి చూపూ గాలి ఉష్ణోగ్రత మీదికే పోతుంది. నిజానికి గ్రీన్‌హౌస్ వాయువుల వల్ల అదనంగా పోగుపడుతున్న వేడిలో 90 శాతానికి పైగా సముద్రాల్లోకే చేరుతోంది. మనం వదిలే కార్బన్ డయాక్సైడ్‌లోనూ సుమారు పాతిక శాతాన్ని అవే పీల్చుకుంటున్నాయి. ఈ సాయం లేకపోతే నేల మీద బతుకు ఈపాటికే దుర్భరమయ్యేది.

ఈ కథ 1751లో, బానిసలను తరలించే ఒక ఓడలో మొదలైంది. దాని కెప్టెన్ హెన్రీ ఎల్లిస్ దగ్గర స్టీఫెన్ హేల్స్ అనే శాస్త్రవేత్త రూపొందించిన బకెట్ ఒకటుంది. పైనా కిందా మూతలు, లోపల థర్మామీటర్. తాడు కట్టి దించుతుంటే మూతలు తెరుచుకుని నీరు దాని గుండా పోతుంది. పైకి లాగడం మొదలుపెట్టగానే మూసుకుంటాయి, ఆ లోతు నీరు అలాగే పైకొస్తుంది. కర్కటక రేఖకు కాస్త పైన, అట్లాంటిక్‌లో ఎల్లిస్ దాన్ని కిలోమీటరు దాటి దించాడు. పైన నీరు దాదాపు 29 డిగ్రీలుంటే, లోతు నుంచి వచ్చినది 12 డిగ్రీలే. ఆ నీళ్లతో ఓడలో వైన్ చల్లబరుచుకున్నారు.

అంత ఎండ కాసే చోట అంత చల్లటి నీరు ఎక్కడిది? 18వ శతాబ్దం చివర్లో కౌంట్ రంఫర్డ్ అనే శాస్త్రవేత్త దీనికి జవాబు చెప్పాడు. ధ్రువాల దగ్గర చల్లబడి బరువెక్కిన నీరు అడుక్కి దిగి, అక్కడి నుంచి భూమధ్యరేఖ వైపు పాకుతుందన్నాడు. పైన గల్ఫ్ స్ట్రీమ్ లాంటి ప్రవాహాలు వేడిని ఉత్తరానికి మోస్తుంటాయి. ఈ తిరుగుడు కూడా సాయపడటం వల్లే భూమి ఒక కొస మాడిపోకుండా, ఇంకో కొస మరీ గడ్డకట్టకుండా ఉంది. నీటికి వేడిని పట్టి ఉంచే గుణం ఎంత ఎక్కువంటే, వాతావరణం మొత్తంలో ఉన్నంత వేడి సముద్రపు పై మూడు మీటర్లలోనే ఇమిడిపోతుంది.

కార్బన్ సంగతి చాలా ఆలస్యంగా బయటపడింది. బొగ్గు, చమురు కాల్చగా వచ్చేదంతా సముద్రమే మింగేస్తుందిలే అన్న ధీమా 1950ల దాకా శాస్త్రవేత్తల్లోనూ ఉండేది. సముద్రపు నీటి రసాయన గుణమే ఆ పీల్చుకోవడానికి అడ్డుపడుతుందని 1957లో రోజర్ రెవెల్, హాన్స్ సూస్ అనే శాస్త్రవేత్తలు రాసిన పత్రంతో ఆ ధీమా సడలింది. మరుసటి ఏడాదే చార్లెస్ కీలింగ్ అనే శాస్త్రవేత్త హవాయి దీవుల్లోని మౌనా లోవా పర్వతం మీద గాలిని కొలవడం మొదలుపెట్టారు. అప్పుడు పది లక్షల భాగాలకు సుమారు 315 ఉన్న కార్బన్ డయాక్సైడ్ ఇప్పుడు 420 దాటింది. పీల్చుకున్నది కూడా ఊరికే పోలేదు. పారిశ్రామిక విప్లవానికి ముందుతో పోలిస్తే సముద్ర ఉపరితలంలో ఆమ్లత సుమారు 30 శాతం పెరిగింది. పగడాలు, ఆల్చిప్పలు తమ గుల్లలు కట్టుకోవడం కష్టమవుతోంది.

ఇక్కడ ఒక మాట చెప్పాలి. సముద్రాలే మనకు ఊపిరి పోస్తున్నాయని తరచూ వింటుంటాం. భూమి మీద తయారయ్యే ఆక్సిజన్‌లో సుమారు సగం సముద్రంలో తయారవుతున్న మాట నిజమే. కానీ అందులో దాదాపు అంతా అక్కడి జీవులే వాడేసుకుంటాయి. మనం పీల్చే ఆక్సిజన్ కోట్లాది ఏళ్లుగా పోగుపడిన నిల్వ. సముద్రంలో ఆ ఆక్సిజన్‌ను తయారుచేసే ప్లాంక్టన్ (నీటిలో తేలియాడే సూక్ష్మజీవులు) గొప్పతనం వేరే ఉంది: చేపల నుంచి తిమింగలాల దాకా అందరి తిండికీ మూలం అదే. చచ్చి అడుక్కి జారేటప్పుడు కొంత కార్బన్‌నూ వెంట తీసుకుపోతుంది. వీటిలో అత్యధిక సంఖ్యలో ఉండే ప్రోక్లోరోకోకస్ అనే సూక్ష్మజీవి ఉందనే సంగతి 1980ల దాకా తెలియనే తెలియదు.

ఇక వేడి లెక్క. 1872-76 మధ్య చాలెంజర్ అనే బ్రిటిష్ పరిశోధన ఓడ ప్రపంచమంతా తిరిగి సముద్రాల ఉష్ణోగ్రతలు నమోదు చేసింది. వాటిని ఆర్గో తేలియాడే పరికరాల కొలతలతో పోల్చి చూస్తే, పై 700 మీటర్ల నీరు సగటున 0.33 డిగ్రీలు వేడెక్కిందని 2012లో తేలింది. వినడానికి చిన్న అంకే గానీ, అంత నీటిని ఆ మాత్రం వేడి చేయాలంటే ఊహకందనంత శక్తి కావాలి. ఆర్గో పరికరం వెయ్యి మీటర్ల లోతున కొట్టుకుపోతూ, పది రోజులకోసారి రెండు వేల మీటర్లకు దిగి, పైకి వస్తూ ఉష్ణోగ్రత, ఉప్పదనం కొలిచి ఉపగ్రహానికి పంపుతుంది. 2007కల్లా ఇవి మూడు వేలయ్యాయి. అయితే సముద్రాల సగటు లోతు సుమారు 3,700 మీటర్లు, నీటిలో దాదాపు సగం ఆ రెండు వేల మీటర్లకు కిందే ఉంది. అందుకే ఇప్పుడు ఆరు వేల మీటర్ల దాకా దిగే డీప్ ఆర్గో పరికరాలను వదులుతున్నారు.