వందలో ఎంత ఇస్తారు?

మనిషి ఎక్కడైనా స్వార్థపరుడే కదా, ఆర్థిక విధానం తయారుచేసేవాళ్ళు ఆచారాలనీ కట్టుబాట్లనీ ఎందుకు పట్టించుకోవాలి అని ఒక పాఠకుడు అడిగారు. ఈ ఆచారాలనీ కట్టుబాట్లనీ కలిపి సామాజిక వ్యవస్థ అంటారు. దాన్ని పూర్తిగా నిర్వచించే పని పెట్టుకోను. చట్టంలో రాసి ఉన్నవీ, ఎవరూ రాయకపోయినా అందరూ పాటించేవీ రెండూ ఇందులోకే వస్తాయి, అది చాలు. నాకు భలే ఇష్టమైన ఆట ఒకటుంది. దాన్ని చూద్దాం.

1982లో జర్మన్ ఆర్థికవేత్త వెర్నర్ గ్యూట్, ఆయన సహచరులు ప్రచురించిన ప్రయోగం అది. అల్టిమేటం గేమ్ అంటారు. ముక్కూమొహం తెలియని ఇద్దరు ఆడతారు. మొదటి మనిషికి వంద ఇచ్చి, రెండో మనిషికి ఎంత ఇస్తావో చెప్పమంటారు. ఒక్కసారే చెప్పాలి, బేరాల్లేవు. రెండో మనిషి సరేనంటే ఆ ప్రకారం పంచుకుంటారు. వద్దంటే ఇద్దరికీ సున్నా.

పాఠ్యపుస్తకం దీన్ని చివరి నుంచి వెనక్కి లెక్క కడుతుంది. రెండో మనిషికి ఒక్క రూపాయి వచ్చినా సున్నా కన్నా నయమే, కాబట్టి ఒప్పుకుంటాడు. ఆ సంగతి మొదటి మనిషికి తెలుసు, కాబట్టి ఒక్క రూపాయే ఇస్తాడు. తర్కంలో ఎక్కడా తప్పు లేదు. కాకపోతే మనుషులు అలా ఆడరు. విశ్వవిద్యాలయాల్లో విద్యార్థులతో ఆడిస్తే ఎక్కువమంది నలభై, యాభై ఇచ్చారు. ఇరవై లోపు ఇస్తే చాలామంది వద్దన్నారు. చేతికొచ్చే డబ్బు పోయినా ఫర్వాలేదు, అవతలివాడికి మాత్రం దక్కకూడదు!

దాంతో కొందరు, న్యాయబుద్ధి మనిషికి పుట్టుకతోనే వస్తుందని తేల్చేశారు. విద్యార్థులను చూసి మానవజాతి మొత్తం గురించి తీర్పు చెప్పడం ఈ రంగానికి పాత జబ్బు. జోసెఫ్ హెన్రిక్ అనే పరిశోధకుడు ఇదే ఆటను పెరూ అమెజాన్ అడవుల్లోని మచిగ్వెంగా ప్రజలతో ఆడించాడు. వాళ్ళు సగటున వందకు 26 ఇచ్చారు. అంత తక్కువ ఇచ్చినా దాదాపు ఎవరూ కాదనలేదు. ఆ తర్వాత ఒక పరిశోధక బృందం 12 దేశాల్లోని 15 చిన్న సమాజాల్లో, కనీసం ఒక రోజు కూలికి సమానమైన డబ్బు పెట్టి ఈ ఆట ఆడించి, 2001లో ఫలితాలు ప్రకటించింది. సగటున ఇచ్చింది ఒక చోట 26 అయితే ఇంకో చోట 58. స్వభావం ఒక్కటే అయితే ఇంత తేడా ఎలా వచ్చింది?

మచిగ్వెంగా ప్రజల్లో ఏ కుటుంబానికి ఆ కుటుంబమే పోడు కొట్టుకుని బతుకుతుంది. కుటుంబం బయటివాళ్ళతో కలిసి చేసే పనులు తక్కువ. పరాయివాడు తనకు వాటా ఇవ్వలేదని కోపం తెచ్చుకునే అలవాటు ఎక్కడినుంచి వస్తుంది? 58 ఇచ్చినవాళ్ళు ఇండొనేసియాలోని లమలేరా గ్రామస్థులు, తిమింగలాల వేటగాళ్ళు. ఒంటరిగా ఎవరూ తిమింగలాన్ని పట్టలేరు. పట్టాక పడవ సొంతదారుకి ఏ భాగం, బల్లెం విసిరినవాడికి ఏ భాగం, తెడ్డు వేసినవాళ్ళకి ఏది అన్నది ముందే ఖరారై ఉంటుంది. పంపకం తెలియనివాడికి అక్కడ బతుకే లేదు. పాపువా న్యూగినీలోని ఔ, గ్నౌ ప్రజలు ఇంకా వింత. సగం కన్నా ఎక్కువ ఇస్తామన్నా కొందరు వద్దన్నారు. పెద్ద బహుమతి పుచ్చుకుంటే రుణపడిపోతారు, ఆ రుణం ఎప్పుడు ఏ రూపంలో తీర్చమంటారో తెలియదు.

అవతలివాడు కాదంటాడన్న భయంతో ఎక్కువ ఇస్తున్నారేమో, అదీ స్వార్థమే కదా అనొచ్చు. మంచి అనుమానం, లెక్క వేద్దాం. ఇరవై ఇస్తే ఒప్పుకునే అవకాశం సగమే అనుకోండి. మిగిలే ఎనభైలో సగం, అంటే సగటు ఆదాయం 40. నలభై ఇస్తే నూటికి 95 సార్లు ఒప్పుకుంటారనుకుంటే, 60లో 95 శాతం, అంటే 57. ధారాళంగా ఇవ్వడమే లాభం! కానీ పరాగ్వేలోని ఆచే ప్రజల దగ్గర ఈ వాదన నిలవదు. అక్కడ ఎవరూ దేన్నీ కాదనలేదు, అయినా సగటున సగం ఇచ్చారు. వేటాడిన మాంసాన్ని శిబిరమంతా పంచుకునే అలవాటు వాళ్ళది. వయసు, సంపద, ఆడా మగా లాంటి వ్యక్తిగత తేడాలకన్నా, ఆ సమాజంలో బతుకు తెరువుకి ఎంత సహకారం కావాలి, బజారుతో ఎంత సంబంధం ఉంది అన్నవే ఈ అంకెలను బాగా వివరించాయి.

కెన్యాలోని ఓర్మా ప్రజలతో, ఉమ్మడి నిధికి తలా ఇంత వేసే మరో ఆట ఆడించారు. వాళ్ళు వెంటనే దాన్ని "హరంబీ ఆట" అనేశారు. హరంబీ అంటే బడి కట్టడం లాంటి ఉమ్మడి పనులకు ఊరంతా చందాలు వేసుకోవడం. ప్రయోగం చేసేవాళ్ళు ఏమీ చెప్పకుండానే, ఆటగాళ్ళు తమకు తెలిసిన వ్యవస్థను అందులోకి తెచ్చేసుకున్నారు.

ఇక విధానాల మాట. మనుషులు ప్రతి కొత్త నిబంధననీ ఇలాగే, ఇది మనకు తెలిసిన వ్యవహారాల్లో ఏ రకం అని చూస్తారు. ఇజ్రాయెల్‌లోని హైఫాలో కొన్ని పిల్లల సంరక్షణ కేంద్రాల్లో, తల్లిదండ్రులు పది నిమిషాలకన్నా ఆలస్యంగా వస్తే 10 షెకెల్‌ల జరిమానా పెట్టారు. ఉరి గ్నీజీ, ఆల్డో రుస్టికీనీ 2000లో ప్రచురించిన పరిశోధన ఇది. ఆలస్యాలు తగ్గలేదు సరికదా, దాదాపు రెట్టింపయ్యాయి. టీచర్‌ని కాచుకోబెట్టామన్న మొహమాటం స్థానంలో, డబ్బు కడుతున్నాం కదా అన్న ధీమా వచ్చింది.

జరిమానా మరీ చిన్నదని, పెద్దది పెడితే దారికొచ్చేవారని అంటారు. నిజమే కావచ్చు. కానీ తర్వాత జరిమానా ఎత్తేశారు. ఆ తర్వాతి వారాల్లో కూడా ఆలస్యాలు అలాగే ఉండిపోయాయి. జరిమానా పెట్టకముందు ఆలస్యం ఖరీదు సున్నా, ఎత్తేశాక కూడా సున్నాయే. డబ్బు లెక్క ఒక్కటే పనిచేసేదైతే, ఆ తల్లిదండ్రులు మొదట్లో వచ్చినట్టే వేళకి రావాలి.