బ్రాడ్‌వే బూట్‌లెగ్‌ల వెనక కథ

'వికెడ్' మ్యూజికల్ 2003 అక్టోబర్‌లో న్యూయార్క్ గెర్ష్విన్ థియేటర్‌లో మొదలైంది. అందులో తొలి కథానాయికలు ఇడీనా మెంజెల్, క్రిస్టిన్ చెనోవెత్ బ్రాడ్‌వేలో, అంటే న్యూయార్క్‌లోని పెద్ద నాటకశాలల రంగంలో, కలిసి ఆడింది ఏడాది కూడా లేదు. ఆ ఇద్దరి నాటకం పూర్తి వీడియో అధికారికంగా ఎప్పుడూ బయటికి రాలేదు. అయినా మొదటి అంకం చివర మెంజెల్ పాడుతూ గాల్లోకి లేచిన దృశ్యం అప్పటికి పుట్టని అభిమానులకు కూడా తెలుసు. ఎవరో ఒళ్లో కెమెరా దాచుకుని తీసిన వీడియోల చలవే అది. ఇలాంటి దొంగ రికార్డింగులనే బూట్‌లెగ్‌లు అంటారు. హైదరాబాద్‌లో ఉంటూ నేను చూసిందీ వాటినే.

వేదిక మీది గొంతును పట్టి ఉంచుకోవాలన్న ఆశ పాతదే. 1901-1903 మధ్య న్యూయార్క్‌లోని మెట్రోపాలిటన్ ఒపేరా సంస్థ లైబ్రేరియన్ లయొనెల్ మాపుల్సన్ ప్రదర్శనలు జరుగుతుండగా మైనపు సిలిండర్ల మీద రికార్డు చేశాడు. అక్కడి ఉద్యోగే కాబట్టి అది దొంగ రికార్డింగ్ అనలేం. కానీ గాయకుడు జాన్ డి రెస్కే గొంతు ఇవాళ వినాలంటే గరగరమనే ఆ సిలిండర్లే దిక్కు.

బ్రాడ్‌వే నాటకాలను అసలు ఎవరూ తీయలేదా అంటే, తీశారు. 1970లో బెట్టీ కార్విన్ న్యూయార్క్ పబ్లిక్ లైబ్రరీలో నాటకాల వీడియో భాండాగారం మొదలుపెట్టారు. నటుల, సాంకేతిక నిపుణుల యూనియన్లు ఒప్పుకోవడానికి ఒక షరతు ఉంది: ఆ లైబ్రరీకి వెళ్లి, పరిశోధన కోసం అక్కడే చూడాలి. కాపీ బయటికి రాదు. మంచి రికార్డింగ్ ఉందని తెలిసీ చూడలేకపోవడం అభిమానికి ఎంత బాధో చెప్పలేను. ఆ ఖాళీలోనే బూట్‌లెగ్ పెరిగింది. మొదట వీహెచ్‌ఎస్ టేపులు పోస్టులో చేతులు మారాయి, తర్వాత డీవీడీలు. యూట్యూబ్ వచ్చాక, తొలగించకుండా ఉండాలని 'స్లైమ్ ట్యుటోరియల్' (జిగట బొమ్మపదార్థం తయారీ పాఠం) అన్న మారుపేరుతో పెట్టడం మొదలైంది.

నటుల కోపంలో న్యాయముంది. 2009 జనవరిలో 'జిప్సీ' మ్యూజికల్ ఆడుతూ నటి పాటీ లూపోన్ పతాక సన్నివేశంలోని పాట మధ్యలో ఆగి, ఫొటోలు తీస్తున్న ప్రేక్షకుడిని గట్టిగా మందలించారు. అనుమతి లేకుండా తన పనిని ఎవరో పట్టుకుపోతుంటే ఏ కళాకారుడు ఊరుకుంటాడు?

'హామిల్టన్' అనే మరో బ్రాడ్‌వే మ్యూజికల్ వాళ్లు వేరే దారి పట్టారు. 2016 జూన్‌లో తొలి నటులతోనే చిత్రీకరించారు. 2020 జులై 3న అది డిస్నీ ప్లస్‌లో వచ్చింది. వణికే కెమెరా లేదు, ముందు సీటు వాళ్ల తల అడ్డం లేదు. వీడియో దొరికితే టికెట్లు ఎవరూ కొనరని చాలామంది నిర్మాతల భయం. 'హామిల్టన్' మాత్రం ఆ తర్వాత కూడా రిచర్డ్ రాడ్జర్స్ థియేటర్‌లో ఏళ్ల తరబడి ఆడుతూనే ఉంది.