పాటలో కంప్రెషన్ ఏం చేస్తుంది?

టీవీలో సీరియల్ నడుస్తున్నంతసేపూ సౌండ్ సరిపోతుంది. ప్రకటనలు మొదలవగానే ఇల్లు దద్దరిల్లుతుంది, చెయ్యి రిమోట్ కోసం వెతుకుతుంది. చానల్ వాళ్లు కావాలని వాల్యూమ్ పెంచుతున్నారని చాలామంది అనుకుంటారు. మీటర్ పెట్టి చూస్తే చాలాసార్లు రెండింటిలోనూ గరిష్ఠ స్థాయి ఒక్కటే ఉంటుంది. సీరియల్లో శబ్దం ఆ స్థాయికి వెళ్లేది ఎప్పుడో ఒకసారి, తలుపు ధడేల్మని పడినప్పుడో, ఎవరైనా గట్టిగా అరిచినప్పుడో. ప్రకటనలో మాత్రం మొదటి మాట నుంచి చివరి సంగీతపు ముక్క దాకా అన్నీ ఆ గరిష్ఠ స్థాయిని ఆనుకునే ఉంటాయి. శబ్దం ఎంత పెద్దదో మన చెవి తేల్చుకునేది ఒక్క క్షణపు శిఖరాన్ని బట్టి కాదు, కొంతసేపట్లో సగటున ఎంత శక్తి వచ్చిందన్న దాన్ని బట్టి. ప్రకటనల శబ్దం మితిమీరి ఉండకూడదని మన కేబుల్ టీవీ నియమాల్లో 1994 నుంచీ రాసే ఉంది. కానీ శిఖరాన్ని మాత్రమే చూసే మీటరుకు ఈ తేడా దొరకదు.

శిఖరం పెరగకుండా సగటును పైకి లేపే ఈ పని పేరే కంప్రెషన్. రికార్డింగ్ థియేటర్లలో రోజుకు వందసార్లు వినపడే మాట ఇది. "వోకల్‌కి కొంచెం కంప్రెషన్ పెట్టు", "డ్రమ్స్ మరీ కంప్రెస్ అయిపోయాయి, వదులు చెయ్యి" అంటూ ఉంటారు.

అది ఎలా జరుగుతుందో ఒక లెక్కతో చూద్దాం. డిజిటల్ రికార్డింగులో అత్యధిక స్థాయిని సున్నా డెసిబెల్ అంటారు, మిగతావన్నీ దానికి కింద మైనస్‌లో ఉంటాయి. ఒక గాయని పల్లవిని మెల్లగా, మైనస్ 30 దగ్గర పాడింది. చరణంలో గొంతెత్తితే మైనస్ 8కి చేరింది. రెండింటి మధ్య తేడా 22 డెసిబెల్స్. ఇప్పుడు కంప్రెసర్‌కి రెండు సంగతులు చెప్తాం. మైనస్ 20 దాటే వరకూ ఏమీ ముట్టుకోవద్దు, అది థ్రెషోల్డ్. దాటాక పైకి వచ్చిన ప్రతి 4 డెసిబెల్స్‌కీ ఒక్కటే బయటికి పంపు, అది రేషియో. పల్లవి థ్రెషోల్డ్ కిందే ఉంది కాబట్టి ఉన్నదున్నట్టు వెళ్లిపోతుంది. చరణం థ్రెషోల్డ్‌కి 12 డెసిబెల్స్ పైన ఉంది, అది 3కి తగ్గి మైనస్ 17 దగ్గర ఆగుతుంది. అంటే 9 డెసిబెల్స్ కోత పడింది. ఆ 9నీ మొత్తం ట్రాక్‌కి తిరిగి కలిపితే చరణం మళ్లీ మైనస్ 8కి వస్తుంది, పల్లవి మాత్రం మైనస్ 30 నుంచి మైనస్ 21కి లేస్తుంది. గట్టిగా పాడిన చోట గొంతు ఎక్కడుందో అక్కడే ఉంది, మెల్లగా పాడిన చోట పైకి వచ్చింది. 22 ఉన్న తేడా 13 అయింది. సుమారు 10 డెసిబెల్స్ పెరిగితే శబ్దం రెండింతలైనట్టు అనిపిస్తుంది కాబట్టి పల్లవికి వచ్చిన ఈ 9 చిన్న మార్పేమీ కాదు.

ముప్పై నలభై వాయిద్యాలు మోగుతున్న సినిమా పాటలో గుసగుసలాంటి గొంతు, రెండు మాటల మధ్య తీసుకున్న ఊపిరితో సహా స్పష్టంగా వినపడుతోందంటే అందులో పెద్ద వంతు దీనిదే. ఎదురుగా కూర్చుని పాడితే ఆ గొంతు వయొలిన్ల వెనక ఎక్కడో మునిగిపోయేది. వినేవాడి చెవి పక్కనే పాడుతున్నట్టు వచ్చే ఆ దగ్గరితనాన్ని, సంగీతానికి రికార్డింగ్ ఇచ్చిన కానుకల్లో చాలా గొప్పదిగా నేను చూస్తాను.

మొదట్లో ఈ పని మనిషి చేత్తో జరిగేది. మనిషి చెవి వినగల అతి చిన్న శబ్దానికీ, తట్టుకోగల అతి పెద్ద శబ్దానికీ మధ్య తేడా సుమారు 120 డెసిబెల్స్. పాత రేడియోలకీ గ్రామఫోను రికార్డులకీ అందులో సగం కూడా పట్టేది కాదు. ఏఎమ్ రేడియోలో ధ్వని హద్దు దాటితే మాట చిట్లిపోవడమే కాకుండా పక్క స్టేషన్ మీదికి కూడా రొద పాకుతుంది. రికార్డు ప్లేటు మీద గాడి మరీ పక్కకు ఊగితే ముల్లు ఎగిరిపడుతుంది. అందుకని ఇంజనీరు పాట వింటూ, గొంతు లేచినప్పుడల్లా నాబ్ తగ్గిస్తూ, దిగినప్పుడల్లా పెంచుతూ కూర్చునేవాడు. ఎంత చురుకైనవాడైనా శబ్దం వినపడ్డాకే కదా చెయ్యి కదిపేది! 1930ల చివరికి ఆ చేతి పనిని యంత్రాలు అందుకున్నాయి.

వాటిలో నాకు చాలా ఇష్టమైనది 1960ల తొలినాళ్లలో కాలిఫోర్నియాలో జిమ్ లారెన్స్ అనే ఇంజనీరు తయారుచేసిన ఎల్ఏ-2ఏ. దాని లోపల ఒక చిన్న దీపపు పలక ఉంటుంది, దానికి ఎదురుగా వెలుతురు పడితే నిరోధం మారే కాడ్మియం సల్ఫైడ్ బిళ్ల. గొంతు పెరిగితే దీపం ప్రకాశంగా వెలుగుతుంది, వెలుతురు పెరిగిన కొద్దీ బిళ్ల నిరోధం పడిపోతుంది, దాంతో ధ్వని తగ్గుతుంది. గొంతు దిగాక ఆ బిళ్ల వెంటనే మామూలు స్థితికి రాదు. సగం దారి చప్పున వచ్చి, మిగతా సగం సెకన్ల మీద తీరిగ్గా వస్తుంది. ఆ పదార్థానికి ఉన్న ఈ బద్ధకమే గొంతులకు సరిగ్గా కుదిరింది. ముందువైపు తిప్పడానికి పెద్ద నాబులు రెండే. ఇప్పటికీ దాని సాఫ్ట్‌వేర్ నకళ్లు లేని స్టూడియో అరుదు. 1967లో వచ్చిన 1176 అనే కంప్రెసర్ దీనికి పూర్తిగా వ్యతిరేకం. ట్రాన్సిస్టర్‌తో పనిచేస్తుంది, సెకనులో పదివేల వంతుల్లో స్పందిస్తుంది.

ఇంత వేగం ఎందుకో అర్థం కావాలంటే డప్పు దగ్గరికి వెళ్లాలి. సిర్రతో డప్పు మీద ఒక్క దెబ్బ కొట్టినప్పుడు మనకు ఒకే శబ్దంలా అనిపిస్తుంది గానీ రికార్డు చేసి తెర మీద పెద్దది చేసి చూస్తే రెండు భాగాలు కనపడతాయి. మొదటి కొద్ది మిల్లీసెకన్లలో కర్ర తోలుకు తగిలిన పదునైన చప్పుడు, నిటారుగా లేచిన గీత. ఆ తర్వాత నిప్పుకు కాగి బిగిసిన తోలు మోగే మోత, క్రమంగా సన్నబడుతూ. కంప్రెసర్‌లో అటాక్ అనే నాబ్, శబ్దం థ్రెషోల్డ్ దాటాక ఎంతసేపట్లో కోత పూర్తిగా పడాలో చెప్తుంది. అటాక్ ఒక మిల్లీసెకను పెడితే కర్ర చప్పుడు దొరికిపోతుంది, అది అణిగి మోత ముందుకు వస్తుంది, డప్పు కాస్త దూరం నుంచి మోగుతున్నట్టు మెత్తబడుతుంది. అటాక్ ముప్పై మిల్లీసెకన్లు పెడితే కంప్రెసర్ పూర్తిగా మేల్కొనేలోపు దెబ్బ దాటిపోతుంది. కోత ఎక్కువగా మోత మీదే పడుతుంది, దెబ్బ మునుపటికంటే విడిగా, పదునుగా నిలబడుతుంది. ఇంజనీర్లు "పంచ్ వచ్చింది" అనేది దీన్నే. అదే యంత్రం, అదే రేషియో. ఒక్క నాబ్ తేడాతో డప్పు ఊరేగింపు ముందుకూ వస్తుంది, వీధి చివరికీ పోతుంది. కొత్తగా నేర్చుకునేవాళ్లు వాయిద్యం ఎంత బిగించాలా అని రేషియో దగ్గరే ఆగిపోతారు, నన్నడిగితే ముందు నేర్చుకోవాల్సింది అటాక్.

రిలీజ్ అంటే శబ్దం దిగాక ఎంతసేపటికి వదిలెయ్యాలన్నది. ఇది మరీ ఆలస్యమైతే ఒక దెబ్బకు పట్టిన పట్టు తర్వాతి మూడు దెబ్బల మీదా ఉండిపోతుంది, వాద్యకారుడు మెల్లగా వేసిన నడక వినపడకుండా పోతుంది. మరీ తొందరైతే ఇంకో తంటా. 60 హెర్ట్జ్ బేస్ స్వరంలో ఒక్కో కంపనం సుమారు 17 మిల్లీసెకన్లు పడుతుంది. రిలీజ్ అంతకంటే తక్కువైతే కంప్రెసర్ స్వరం స్థాయిని వదిలేసి ఒక్కో తరంగం ఆకారాన్నే వెంటాడుతుంది, బేస్ గరగరమంటుంది. డాన్స్ పాటల్లో బేస్ డ్రమ్ పడినప్పుడల్లా మిగతా సంగీతం ఒక్కసారి కిందికి కుంగి మళ్లీ లేవడం వినే ఉంటారు. అది కావాలని చేసేదే, సైడ్‌చైన్ అంటారు. ఒక ట్రాక్ పెరిగితే ఇంకో ట్రాక్ తగ్గేలా కంప్రెసర్‌ను కట్టడం. ఎఫ్ఎమ్‌లో ఆర్జే నోరు విప్పగానే పాట దానంతటదే తగ్గుతుంది చూడండి, అక్కడా ఇదే ఏర్పాటు.

రేషియోను పదికి ఒకటి దాటించి ఇంకా పెంచుకుంటూ పోతే అది లిమిటర్ అవుతుంది, ఫలానా హద్దు దాటి ఏ శబ్దమూ బయటికి రాదు. సీడీ 1982లో వచ్చినప్పుడు దానికి 96 డెసిబెల్స్ వెడల్పు ఉంది. రికార్డు ప్లేట్లకు లేని విశాలం దొరికింది కదా అని సంగీతం అందులో హాయిగా పరుచుకుంటుందనుకున్నారు. 1990ల నుంచి జరిగింది వేరు. పక్కపక్కన వినిపిస్తే కాస్త పెద్దగా మోగే పాటే బాగున్నట్టు అనిపిస్తుంది, ఇది చెవికి ఉన్న బలహీనత. దాంతో ప్రతి కంపెనీ తన పాట పక్క పాటకంటే పెద్దగా ఉండాలని లిమిటర్‌కు అదిమి పట్టింది. 2008లో మెటాలికా అనే రాక్ బృందం తెచ్చిన డెత్ మాగ్నెటిక్ ఆల్బమ్ అప్పుడు పెద్ద గొడవకు దారితీసింది. అవే పాటలు గిటార్ హీరో అనే వీడియో గేములో కూడా వచ్చాయి, అక్కడ అంత బిగించలేదు. అభిమానులు రెండూ పక్కపక్కన పెట్టి విన్నారు. సీడీలో డ్రమ్స్ చిట్లిపోతున్నాయి, గేములో శుభ్రంగా ఉన్నాయి. మళ్లీ మిక్స్ చేసి ఇవ్వమని వేలమంది సంతకాలు పెట్టారు.

ఆ పోటీని కొంతవరకు చల్లార్చింది కొత్త కొలత. చెవికి సగటున ఎంత పెద్దగా అనిపిస్తుందో లెక్కకట్టే పద్ధతిని అంతర్జాతీయ టెలికాం సమాఖ్య 2006లో ప్రమాణంగా తెచ్చింది, దాని కొలమానం ఎల్‌యూఎఫ్ఎస్. యూరప్ ప్రసారాలు 2010లో మైనస్ 23ని లక్ష్యంగా పెట్టుకున్నాయి. పాటలు వినే యాప్ స్పాటిఫై మామూలుగా పాటలన్నిటినీ మైనస్ 14 దగ్గరికి సరిచేసి వినిపిస్తుంది. మైనస్ 7 దగ్గర నలిపి పంపిన పాటను అది 7 తగ్గించేస్తుంది. పెద్దగా వినపడే లాభం పోయింది, నలిగిన దెబ్బలు మాత్రం నలిగినట్టే ఉంటాయి. ఇంత తెలిసీ ఇంకా అదిమి పంపేవాళ్లు ఉండటం నాకు బాధగా ఉంటుంది.

ఇక్కడే ఒక గందరగోళం విడదీయాలి. పాట చప్పగా ఉందనిపిస్తే చాలామంది "ఎంపీ3 కదా, కంప్రెస్ అయిపోయింది" అంటారు. అది వేరే కంప్రెషన్, ఫైలు సైజుకు సంబంధించింది. సీడీలో సెకనుకు 44,100 నమూనాలు, ఒక్కోదానికి 16 బిట్లు, రెండు చానళ్లు. గుణిస్తే సెకనుకు 14 లక్షల 11 వేల 200 బిట్లు. ఐదు నిమిషాల పాట 53 ఎంబీ దాకా అవుతుంది. సెకనుకు 128 వేల బిట్లే వాడే ఎంపీ3లో అదే పాట ఐదు ఎంబీ లోపే. ఒక పెద్ద స్వరం మోగుతున్నప్పుడు దాని పొరుగు శ్రుతిలోని చిన్న శబ్దాలు మనకెలాగూ వినపడవు. ఎంపీ3 అలాంటివాటిని తక్కువ బిట్లతో సరిపెడుతుంది. ఎక్కువగా పిండితే తాళాల మోత నీళ్లలో తడిసినట్టు బుడబుడమంటుంది. కానీ పల్లవికీ చరణానికీ మధ్య ఉన్న ఎత్తుపల్లాలను అది ముట్టుకోదు. అలాగే లిమిటర్‌తో నలిపిన పాటను ఏ బిట్టూ పోకుండా దాచే ఫ్లాక్ ఫైలులో కొన్నా ఆ నలిగిన దెబ్బలు తిరిగిరావు. ఫ్లాక్ ఆ నలుగుడును కూడా అంతే నమ్మకంగా దాచిపెడుతుంది.

హైస్కూల్ సైన్సు పుస్తకంలో చదివిన సంపీడనం ఇంకో అర్థం. శబ్దం గాలిలో ప్రయాణించేటప్పుడు అణువులు దగ్గరయ్యే చోట్లను సంపీడనాలనీ, దూరమయ్యే చోట్లను విరళీకరణాలనీ చదువుకున్నాం. అది లేకపోతే శబ్దమే లేదు. గుడి మైకు హారన్ వెనక బిగించే గుండ్రటి భాగాన్ని మైక్‌సెట్ వాళ్లు యూనిట్ అంటారు, దాని అసలు పేరు కంప్రెషన్ డ్రైవర్. వెడల్పాటి పొర గాలిని ఇరుకైన రంధ్రంలోకి తోస్తుంది కాబట్టి ఆ పేరు. స్టూడియో కంప్రెసర్‌తో దానికి చుట్టరికం లేదు.

చుట్టరికం ఉన్నది మన చెవికే. లోపలి చెవిలోని బాహ్య కేశకణాలు చిన్న శబ్దాలను పెంచి ఇస్తాయి, పెద్ద శబ్దాలను పెంచకుండా వదిలేస్తాయి. 120 డెసిబెల్స్ ప్రపంచం నత్తగుల్లలా ఉండే ఆ చిన్న లోపలి చెవిలో ఇమిడేది అందుకే. వయసుతో ఈ కణాలు దెబ్బతింటాయి. "తాతయ్యా" అని మామూలుగా పిలిస్తే పలకరు, ఇంకోసారి గట్టిగా పిలిస్తే "ఎందుకు అరుస్తావు, నాకేమన్నా చెవుడా?" అంటారు. ఆయన చెప్పేది నిజమే. మెల్లని శబ్దం అందదు, పెద్ద శబ్దం మాత్రం మునుపటి అంతే పెద్దగా తగులుతుంది, మధ్యలో ఉండాల్సిన మెట్లు పోయాయి. అన్నిటినీ ఒకేలా పెంచే పాత వినికిడి యంత్రాలు పళ్లెం కింద పడ్డప్పుడల్లా చెవి పగలగొట్టేవి. ఇప్పటివాటిలో చిన్న శబ్దాన్ని ఎక్కువ, పెద్ద శబ్దాన్ని తక్కువ పెంచే కంప్రెసర్లు ఉంటాయి, అదీ శ్రుతిని బట్టి విడివిడిగా. అయితే అవి మాట కోసం అమర్చినవి. ఇప్పటికే బిగించిన పాటను అవి ఇంకోసారి బిగిస్తాయి. అందుకే చాలా యంత్రాల్లో సంగీతానికి వేరే ప్రోగ్రామ్ పెడతారు, అందులో రేషియో తక్కువగా ఉంటుంది. ఇంట్లో వినికిడి యంత్రం పెట్టుకున్న పెద్దవాళ్లు "పాటలు ఇదివరకట్లా లేవు" అంటుంటే, ఆ ప్రోగ్రామ్ ఉందేమో ఆడియాలజిస్టును అడిగి పెట్టించండి.