క్లౌన్ ఫిష్: అపోహలు - వాస్తవాలు

భీమిలి వైపు రొయ్యల హ్యాచరీల్లో పని నేర్చుకుని, ఆ తర్వాత క్లౌన్ ఫిష్ పిల్లలు తీసే పనిలోకి వచ్చాను. పిల్లలు ‘నీమో’ అని పిలుస్తారే, ఆ చేపే. కొనడానికి వచ్చేవాళ్లు చాలామంది తప్పుడు నమ్మకాలతో వస్తారు. అందులో వాళ్ల తప్పేమీ లేదు, అమ్మేవాళ్లే అలా చెప్పి పంపుతారు. కానీ ఇంటికి వెళ్లిన వారానికే చేప చచ్చిపోయిందని ఫోన్ వస్తే చాలా బాధగా ఉంటుంది. అందుకే రోజూ వినే మాటలకు ఇక్కడ జవాబులు రాస్తున్నాను.

నా దగ్గర ఎక్కువగా ఉండేది ఒసెల్లారిస్ జాతి. నారింజ రంగు ఒళ్లు, మూడు తెల్ల పట్టీలు. బాగా ఎదిగిన ఆడచేప కూడా మన చూపుడు వేలికి కాస్త ఎక్కువ, అంతే.

అపోహ: ఇది విశాఖ సముద్రంలోనూ దొరుకుతుంది.

ఒసెల్లారిస్‌ది పగడపు దిబ్బల బతుకు. అండమాన్ నుంచి థాయిలాండ్, ఇండోనేషియా, ఫిలిప్పీన్స్ మీదుగా ఆస్ట్రేలియా వాయవ్య తీరం దాకా, ఎండ తగిలే లోతు తక్కువ నీళ్లలో ఉంటుంది. పగడాలకు తేట నీళ్లు, నిలకడైన ఉప్పదనం కావాలి. మన తీరానికి గోదావరి, కృష్ణ ఏటా బురదను, మంచినీళ్లను మోసుకొస్తాయి. అండమాన్‌లోనో లక్షద్వీప్‌లోనో ఉన్నటువంటి దిబ్బలు ఇక్కడ పెరగకపోవడానికి అదొక పెద్ద కారణం.

అపోహ: అనిమోన్ విషం దీన్ని పుట్టుకతోనే ఏమీ చేయదు.

అనిమోన్ చూడ్డానికి పువ్వులా ఉంటుంది కానీ అది జంతువు. చేతివేళ్లలా ఊగే దాని వేళ్ల నిండా విషపు ముళ్లున్న కణాలుంటాయి. వేరే చిన్న చేప తగిలితే అవి పేలి, చేప చచ్చుబడిపోతుంది. క్లౌన్ ఫిష్ మాత్రం అందులోనే పడుకుని లేస్తుంది. దాన్ని కాపాడేది ఒంటి మీది జిగురు. మామూలు చేపల జిగురులో సయాలిక్ ఆమ్లం అనే పదార్థం ఉంటుంది, ముళ్లు పేలడానికి అది ఒక సంకేతం. క్లౌన్ ఫిష్ జిగురులో అది బాగా తక్కువని ఈ మధ్య పరిశోధనల్లో తేలింది. గుడ్డు నుంచి వచ్చిన లార్వాకు ఈ రక్షణ ఉండదు. తెల్ల పట్టీలు పడి, చేప రూపం వచ్చే రోజుల్లోనే ఆ ఆమ్లం తగ్గుతుంది.

పిల్లచేపను మొదటిసారి అనిమోన్ ఉన్న ట్యాంకులో వదిలి చూడండి. నేరుగా దూకదు. ముందు తోక తగిలించి వెనక్కి వస్తుంది. తర్వాత పొట్ట ఆనిస్తుంది. మళ్లీ వస్తుంది. కొన్నిటికి నిమిషాలు, కొన్నిటికి గంటలు పడుతుంది. కొత్త కోడలు అత్తగారింట్లో మసలుకోవడం నేర్చుకుంటున్నట్టే ఉంటుంది నాకు. ఇన్నేళ్లయినా ఆ పూట పని పక్కన పెట్టి చూస్తూ కూర్చుంటాను.

అపోహ: ఏ అనిమోన్ అయినా సరే, అది లేకపోతే మాత్రం చేప బతకదు.

రెండూ తప్పే. ప్రపంచంలో అనిమోన్ జాతులు వెయ్యికి పైగా ఉంటే, క్లౌన్ ఫిష్‌లకు ఇల్లిచ్చేవి పది దాకా. వాటిలో ఒసెల్లారిస్ సముద్రంలో ఎంచుకునేవి మూడే. సముద్రంలో అయితే ఇల్లు లేని క్లౌన్ ఫిష్‌కు బతుకు లేదు, ఈత సరిగా రాని చేప కాబట్టి పెద్ద చేపలకు నిమిషాల్లో దొరికిపోతుంది. ట్యాంకులో ఆ భయం లేదు. నా జంటల్లో చాలావాటికి అనిమోన్ లేదు. బోర్లించిన మట్టి కుండ పెంకు కింద కాపురం పెట్టి గుడ్లు పెడుతున్నాయి. కొత్తవాళ్లు దయచేసి అనిమోన్ కొనకండి. దానికి గట్టి లైటు కావాలి, నెలల తరబడి కుదురుకున్న ట్యాంకు కావాలి. నచ్చకపోతే అది నడిచి వెళ్లి పంపులో పడుతుంది, దాంతో ట్యాంకు మొత్తం పాడవుతుంది.

అపోహ: చేపకే లాభం, అనిమోన్‌కు ఏమీ లేదు.

చేప వదిలే అమ్మోనియా అనిమోన్ ఒంట్లో ఉండే నాచుకు ఎరువు. అనిమోన్‌ను కొరుక్కుతినే సీతాకోక చేపలను ఇది తరిమేస్తుంది. రాత్రుళ్లు దాని వేళ్ల మధ్య కదులుతూ నీళ్లు ఆడేలా చేస్తుంది, దాంతో అనిమోన్‌కు ఆక్సిజన్ అందుతుంది.

అపోహ: కల్లుప్పు కలిపితే చాలు, గాజు గిన్నెలో అయినా పెంచవచ్చు.

కల్లుప్పు దాదాపు అంతా సోడియం క్లోరైడే. సముద్రపు నీటిలో కాల్షియం, మెగ్నీషియం లాంటివి ఇంకా చాలా ఉంటాయి. ఆర్ఓ నీటిలో మెరైన్ సాల్ట్ కలిపి, సాంద్రత 1.025 దగ్గర ఉంచాలి. వేడి 25 నుంచి 27 డిగ్రీలు. గిన్నెలో ఇవేవీ నిలవవు.

అపోహ: సముద్రంలో పట్టినవే గట్టివి.

నా అనుభవం దీనికి పూర్తిగా విరుద్ధం. సముద్రం నుంచి వచ్చిన చేప ఎన్నో చేతులు మారి, సరైన తిండి లేక, రోగాలతో వస్తుంది. హ్యాచరీ పిల్ల అమ్మకానికి వచ్చేసరికే పొడి మేతకు అలవాటు పడి ఉంటుంది. మన దేశంలో కేంద్ర సముద్ర మత్స్య పరిశోధన సంస్థ వీటిని హ్యాచరీలో పెంచే పద్ధతులను ఎప్పుడో రూపొందించింది. రొయ్యల పని తెలిసినవాళ్లకు ఇది కొత్త విద్య కాదు. లార్వాలకు పచ్చనాచు నీళ్లు, రోటిఫర్లు అనే కంటికి సరిగా ఆనని జీవులు, ఆ తర్వాత ఆర్టీమియా అనే రొయ్యలాంటి చిన్న జీవి పిల్లలు. గుడ్లు వారం రోజులకు చీకటి పడ్డాక పగులుతాయి. మొదటి బ్యాచ్‌లో ఆ రాత్రి చూద్దామన్న ఆత్రంతో లైటు వేసి ఉంచాను. పగలాల్సిన గుడ్లు చాలా వరకు పగలలేదు, లోపలే పోయాయి. ఇప్పుడు ఆ గదిలోకి టార్చి కూడా తీసుకెళ్లను.

అపోహ: ఒక మగ, ఒక ఆడ చూసి ఇస్తే జంట కుదురుతుంది.

ఎక్కువ ఓపిగ్గా చెప్పాల్సి వచ్చేది ఇదే. పిల్లచేపల్లో మగ, ఆడ అని ఇంకా ఉండవు. ఒక అనిమోన్‌లో కొన్ని చేపలు కలిసి ఉంటాయి కానీ అవి తల్లీపిల్లలు కావు. పుట్టిన పిల్లలు కెరటాలతో కొట్టుకుపోయి, పది రోజుల తర్వాత వాసన పట్టి ఎక్కడో ఒక అనిమోన్ చేరతాయి. అక్కడ సైజును బట్టి వరస ఉంటుంది. అన్నిటికన్నా పెద్దది ఆడ, రెండోది మగ, మిగతావి తమ వంతు కోసం చూసేవి. ఆడచేప పోతే మగ చేప ఆడగా మారుతుంది, మూడోది మగ అవుతుంది. ముందు మెదడు మారుతుంది, అండాశయం తయారవడానికి నెలలు పడుతుంది. ఒకసారి ఆడ అయ్యాక తిరిగి మగ కావడం లేదు.

అందుకే నేను ఎప్పుడూ సైజులో తేడా ఉన్న రెండు పిల్లలను ఇస్తాను. మిగతాది అవే తేల్చుకుంటాయి. రెండు పెద్ద ఆడచేపలను ఒక ట్యాంకులో వేస్తే ఒకటి చచ్చేదాకా కొట్టుకుంటాయి. చిన్నది ఒంటిని వణికిస్తూ పక్కకు వాలితే దెబ్బ తగిలిందని కంగారు పడకండి, అది పెద్దదానికి పెట్టే దణ్ణం.

సముద్రంలో వరసలో ఉన్న చిన్న చేపలు తమ పై చేపను మించకుండా ఎదుగుదలను ఆపుకుంటాయి. మించితే పైవి వెళ్లగొడతాయి. ఆకలితో ఎండిపోయి చిన్నగా ఉన్నాయనుకుని మేత దట్టించేవాళ్లు దీన్ని గుర్తుపెట్టుకోవాలి.

అపోహ: రెండు మూడేళ్లు బతికితే గొప్ప.

పాపువా న్యూగినీలో దీని దగ్గరి బంధువైన పెర్క్యులా జాతిని గమనించినవాళ్లు ఆడచేప 30 ఏళ్ల దాకా బతకగలదని లెక్కగట్టారు. ఇంత చిన్న చేపకు అంత ఆయుష్షు అనిమోన్ నీడ వల్లే. ట్యాంకులోనూ 20 ఏళ్లు దాటినవి ఉన్నాయి. మీ అబ్బాయికి ఐదో ఏట కొనిచ్చిన చేప వాడు డిగ్రీ చదివేనాటికీ ఉండాలి.

అపోహ: ఎదిగిన చేప మళ్లీ చిన్నదవదు.

నేనూ అలాగే నమ్మాను. 2023లో పాపువా న్యూగినీ కింబే బేలో సముద్రం వేడెక్కినప్పుడు, పరిశోధకులు 134 పెర్క్యులా చేపలను నెలనెలా కొలిచారు. 100 చేపలు కనీసం ఒకసారైనా పొట్టివయ్యాయి. సన్నబడడం కాదు, పొడవే తగ్గింది. తగ్గినవే వేడిని తట్టుకుని ఎక్కువగా బతికాయి. జంటలో ఇద్దరూ కలిసి తగ్గినచోట ఆ అవకాశం ఇంకా పెరిగింది. ఒకరే తగ్గితే వరస తప్పుతుంది, గొడవ వస్తుంది. ఆ సంగతి చదివిన రోజు నుంచి స్కేలు పట్టుకుని నా జంటలను కూడా నెలనెలా కొలుస్తున్నాను.