నొప్పి ఎక్కువైతే పర్ఫార్మెన్స్ గొప్పదవుతుందా?

అపోహ: తిండీ నీళ్లూ మానేసి, పడిపోయేదాకా నిలబడితేనే ఎండ్యూరెన్స్ పర్ఫార్మెన్స్ (కళాకారుడు తన ఒంటితోనే, ఓర్పును పరీక్షించుకుంటూ చాలాసేపు చేసే కళా ప్రదర్శన).

హనుమకొండలో నన్ను కలిసే ఫైన్ ఆర్ట్స్ పిల్లలు చాలామంది ఈ మాటతోనే వస్తారు. "అన్నా, మే ఎండలో ఖిలా వరంగల్‌లో పొద్దుగూకేదాకా కదలకుండా నిలబడతా, నీళ్లు కూడా ముట్టను" అంటారు. ఎందుకని అడిగితే, పేరున్న పర్ఫార్మెన్స్ కళాకారిణి మరీనా అబ్రమోవిచ్ మూడు నెలలు కుర్చీలోంచి లేవలేదట, రీల్‌లో చూశారట!

వాస్తవం: 2010లో న్యూయార్క్‌లోని ఆధునిక కళల మ్యూజియం మోమాలో ఆమె కూర్చున్నది మ్యూజియం తెరిచి ఉండే వేళల్లోనే. మన దేశపు పర్ఫార్మెన్స్ కళాకారుడు నిఖిల్ చోప్రా 2019లో అక్కడి మెట్ మ్యూజియంలో 9 రోజులు పర్ఫార్మెన్స్ చేస్తే, నిద్ర కూడా అందులో భాగమే.

కదలకుండా నిలబడితే పిక్కల కండరాలు రక్తాన్ని పైకి సరిగ్గా నెట్టవు. రక్తం ఎక్కువగా కాళ్లలోనే ఆగిపోయి, మెదడుకు తగ్గి, కళ్లు తిరుగుతాయి. ఎండలో చెమటతో నీరూ ఉప్పూ పోతే ఇంకా తొందరగా పడిపోతారు. అందుకే ఆపమనే అధికారం ఉన్న మనిషి ఒకరు పక్కన ఉండాల్సిందే. 1974లో బెల్‌గ్రేడ్‌లో ఒక పర్ఫార్మెన్స్‌లో, మండుతున్న నక్షత్రం ఆకారపు చట్రం మధ్య పడుకున్న అబ్రమోవిచ్, ఆక్సిజన్ అందక స్పృహ తప్పారు. ఆ సంగతి వెంటనే ఎవరూ గుర్తించలేదు. చివరికి చూడటానికి వచ్చినవాళ్లే బయటికి లాగారు.

మధ్యలో ఆగితే ఓడిపోయినట్టు కాదు. తైవాన్‌లో పుట్టిన కళాకారుడు టెచింగ్ షే 1980-81లో ఏడాదిపాటు, ఫ్యాక్టరీలో హాజరు వేసినట్టు, గంటగంటకూ టైమ్ కార్డు పంచ్ చేశాడు. 8,760 పంచ్‌లలో 133 తప్పాయి, ఎక్కువగా నిద్రపట్టి. వాటినీ దాచకుండా లెక్కలో చూపించాడు.

నేను పత్తి కుప్ప మధ్య కూర్చుని, చేత్తో గింజలు తీస్తూ ఒక పర్ఫార్మెన్స్ చేశాను. మాస్క్ పెట్టుకున్నాను, మధ్యలో లేచి అన్నం తిన్నాను. ఎనుమాముల మార్కెట్‌కు పత్తి తెచ్చిన ఒక పెద్దమ్మ వచ్చి, ఏమీ అడగకుండా పక్కన కూర్చుని తనూ గింజలు తీయడం మొదలుపెట్టింది. తీస్తూ తీస్తూ ఆ ఏడు పెట్టుబడి ఎంతైందో, ధర ఎంత పలికిందో చెప్పింది. నేను ఆకలితో ఉండి ఉంటే ఆ మాటలు సరిగ్గా వినేవాణ్ని కాదు.

తల్లిదండ్రుల భయం నాకు తెలుసు. "సారూ, మా బిడ్డ మాట్లాడుడు బంద్ చేసింది, పర్ఫార్మెన్స్ అంటది" అని ఒకమ్మ ఫోన్‌లో ఏడ్చింది. అమ్మా, టెన్షన్ పడకండి. ఎంతసేపు, పక్కన ఎవరుంటారు, ఎప్పుడు ఆపుతావు అని అడగండి. మూడింటికీ జవాబుంటే చేయనివ్వండి. లేకపోతే గట్టిగా ఆపండి.

అపోహ: ఇన్‌స్టలేషన్ అంటే పాత సామాను పేర్చడం.

కాదు. ఒక చోటును తీసుకుని, అందులో మనిషి ఎటు నడుస్తాడు, ఎక్కడ ఆగుతాడు అన్నదాకా ఆలోచించి కట్టేది.

అపోహ: దీంట్లో పైసలు రావు.

సగం నిజం. పర్ఫార్మెన్స్‌ను గోడకు తగిలించి అమ్మలేం. ఫొటోలు, వీడియోలు, డ్రాయింగులు అమ్ముడుపోతాయి, రెసిడెన్సీలు (ఒక సంస్థ దగ్గర కొన్నాళ్లు ఉండి పనిచేసుకునే అవకాశాలు), గ్రాంట్లు ఉంటాయి. మొదట్లో మాత్రం ఇంకో పని చేతిలో ఉంచుకోండి.