కినుయో తనాకా: క్లాసులో రోజూ వినే అపోహలు

క్లాప్ కొట్టడంతో మొదలుపెట్టి డైరెక్షన్ డిపార్ట్‌మెంట్‌లోనే ఉండిపోయాను. ఇప్పుడు కొత్త అసిస్టెంట్లకు పాత జపాన్ సినిమాలు చూపిస్తుంటాను. అక్కడి నటి, దర్శకురాలు కినుయో తనాకా పేరెత్తగానే ఈ మాటలు వస్తాయి.

అపోహ: ఆవిడ దర్శకుడు మిజోగుచి తయారుచేసిన నటి.

వాస్తవం: 1924లో, పద్నాలుగేళ్లకే షోచికు స్టూడియోలో తెరమీదికొచ్చింది. 1931లో జపాన్ తొలి పూర్తి టాకీలో ఆవిడే నాయిక. మిజోగుచితో తొలి సినిమా 1940లో! 'ఒహారు జీవితం' (1952) నాటికి నలభై దాటేసింది. అందులో పడుచుపిల్లగా మొదలై ముసలితనం దాకా వెళ్తుంది. మేకప్ సంగతి సరే, ఆ నడక ఎలా మారుతుందో చూడండి.

అపోహ: జపాన్‌లో తొలి మహిళా దర్శకురాలు.

వాస్తవం: కాదు. తజుకో సకానె 1936లోనే సినిమా తీసింది.

అపోహ: స్టార్ కాబట్టి సరదాకి డైరెక్షన్ చేసింది.

వాస్తవం: ఇది వింటే నాకు ఒళ్లు మండుతుంది. అంత పెద్ద స్టార్, ముందు దర్శకుడు నరుసె సినిమాకి అసిస్టెంటుగా పనిచేసి పని నేర్చుకుంది. మన దగ్గర ఏ హీరోయినైనా కంటిన్యుటీ షీట్ (షాట్‌కీ షాట్‌కీ తేడా రాకుండా రాసుకునే కాగితం) పట్టుకుని నిలబడుతుందా? ఆ తర్వాతే 1953లో 'ప్రేమలేఖ' తీసింది. అమెరికా సైనికులకు ఆడవాళ్ల తరఫున ఇంగ్లీషులో ఉత్తరాలు రాసిపెట్టే మాజీ నేవీ మనిషి కథ అది. స్క్రిప్టు మరో దర్శకుడు కినోషితా ఇచ్చాడు. మన భానుమతి గారు 'చండీరాణి'తో దర్శకురాలైంది కూడా ఆ ఏడాదే!

రెండో సినిమాకి డైరెక్టర్ల సంఘం అధ్యక్షుడిగా మిజోగుచే అడ్డుపడ్డాడు. ఇంకో దర్శకుడు ఓజు మాత్రం తాను కలిసి రాసిన స్క్రిప్టు ఇచ్చి వెనక నిలబడ్డాడు. 1955లో ఆ సినిమా వచ్చింది. అదే ఏడాది రొమ్ము క్యాన్సర్‌తో పోరాడిన కవయిత్రి ఫుమికో నకాజో కథ తీసింది. నన్నడిగితే ఆవిడ తీసిన ఆరింటిలో అదే బెస్ట్. 1950ల్లో ఆ జబ్బునీ, ఆ ఆడమనిషి కోరికల్నీ అంత సూటిగా చూపించడానికి గుండె కావాలి.

అపోహ: డైరెక్షన్‌లో పడి నటన వదిలేసింది.

వాస్తవం: మధ్యలోనే 1958లో 'నరయామ'లో, కొడుకు చేత కొండమీద వదిలించుకోవడానికి తనంతట తానే సిద్ధపడే ముసలితల్లిగా చేసింది. 1974లో 'శాండకన్ నం. 8'లో, చిన్నప్పుడే బోర్నియోకి అమ్ముడుపోయిన మనిషి వృద్ధాప్యంలో ఎలా ఉంటుందో చేసి చూపింది. దానికి 1975లో బెర్లిన్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో ఉత్తమ నటి అవార్డు వచ్చింది. అప్పటికి ఆవిడకి అరవై ఐదు.